మృత్యు తీరం: ఓడలను ముంచింది రాళ్లేనా?

స్పెయిన్‌కు వాయవ్య మూలన ఉన్న గలీసియాలో, మాల్పిక నుంచి ఫిస్తెర్రా అగ్రం దాకా సాగే అట్లాంటిక్ ఒడ్డును 'కోస్తా దా మోర్తె' అంటారు. మృత్యు తీరం అని. ఇక్కడ మునిగిన ఓడల లెక్క వందల్లో ఉంటుంది. పర్యాటకుల కోసం రాసే పుస్తకాల్లో ఈ చావులకు కారణం ఎప్పుడూ ఒకటే: కోపించిన సముద్రం, పదునైన రాళ్లు. రాళ్లు నిజమే, సముద్రం కోపమూ నిజమే. కానీ పెద్ద ప్రమాదాలను ఒక్కొక్కటిగా పట్టుకుని చూస్తే వేరే సంగతి బయటపడుతుంది. ఓడ రాయికి తగలడానికి ముందే, కొన్నిసార్లు సంవత్సరాల ముందే, దాని గతిని ఎక్కడో ఒడ్డు మీద కూర్చున్న మనుషులు తేల్చేశారు. ఓడ ఎలా కట్టాలి, దీపం ఎక్కడ పెట్టాలి, పటంలో ఏది గుర్తించాలి, దెబ్బతిన్న ఓడను రేవులోకి రానివ్వాలా వద్దా అన్న నిర్ణయాలవి. ఈ తీరానికి వారసత్వం అంటూ ఏదైనా ఉంటే అది నీటి అడుగున ఉన్న బంగారం కాదు, ఈ నిర్ణయాలు ఒడ్డు మీద వదిలిన ఆనవాళ్లు.

ముందు ఈ చోటు ఓడలకు ఎందుకింత కష్టమైనదో చూడాలి.

ఇంగ్లిష్ ఛానల్ నుంచి బయటపడి దక్షిణానికి వెళ్లే ఓడ ఏదైనా బిస్కే అఖాతాన్ని అడ్డంగా దాటి ఫిస్తెర్రా మలుపు తిరగాల్సిందే. ఆఫ్రికాకు వెళ్లినా, మధ్యధరా సముద్రానికి వెళ్లినా దారి ఇదే. 1869లో సూయజ్ కాలువ తెరిచాక బొంబాయి, మద్రాసు, కలకత్తాలకు వచ్చే ఆవిరి ఓడలు కూడా ఈ మలుపు మీదుగానే వచ్చాయి. 1897 ఫిబ్రవరిలో 'సిటీ ఆఫ్ ఆగ్రా' అనే ఓడ లివర్‌పూల్ నుంచి కలకత్తాకు వస్తూ ఈ తీరంలోనే రాళ్లకు బలైంది. మన తీరాలకు సరుకు, ఉత్తరాలు, అధికారులు వచ్చిన దారి ఇది. అందుకే ఈ ఒడ్డు చరిత్ర మనకు మరీ పరాయిదేమీ కాదు.

ఫ్రాన్స్ కొసన ఉన్న ఉషాంత్ దీవి నుంచి ఫిస్తెర్రాకు దాదాపు 380 నాటికల్ మైళ్లు, అంటే సుమారు 700 కిలోమీటర్లు. మధ్యలో నేల కనపడదు. శాటిలైట్లు, రేడియో లేని రోజుల్లో కెప్టెన్ చేతిలో ఉన్నవి మూడు: దిక్సూచి, వేగం కొలిచే తాడు, గడియారం. ఏ దిక్కుకు, ఎంత వేగంతో, ఎన్ని గంటలు వచ్చామో లెక్కగట్టి పటం మీద చుక్క పెట్టాలి. సూర్యుడో నక్షత్రాలో కనిపిస్తే ఆ లెక్కను సరిచూసుకోవచ్చు. శీతాకాలంలో బిస్కే మీద రోజుల తరబడి మబ్బు వీడదు. అప్పుడు చుక్క తప్పినా చెప్పేవాళ్లు లేరు. ఇంత దూరంలో దిక్కు ఒక్క డిగ్రీ తేడా వచ్చినా చివరికి ఓడ ఆరు మైళ్లకు పైగా పక్కకు జరిగిపోతుంది. ఇనుప ఓడలు వచ్చాక ఆ ఇనుమే దిక్సూచి ముల్లును లాగేది. దాన్ని సరిచేసే పద్ధతులు ఉన్నా ఎప్పుడూ పూర్తిగా కుదిరేవి కావు. దీనికి తోడు పడమటి గాలులు, వాటితో కదిలే నీరు ఓడను కొద్దికొద్దిగా తూర్పుకు, అంటే నేల వైపుకు నెట్టేవి. ఓడలో ఉన్నవాళ్లకు ఆ జరుగుడు తెలియదు, ఎందుకంటే వాళ్ల చుట్టూ ఉన్న నీరంతా కలిసే జరుగుతోంది.

లోతు కొలిచి తెలుసుకోవచ్చు కదా అనిపిస్తుంది. సీసం గుండు కట్టిన తాడు వదిలి అడుగు ఎంత లోతుందో చూడటం పాత అలవాటే. కానీ గలీసియా దగ్గర ఒడ్డు పక్కన లోతు తక్కువగా ఉండే సముద్రపు మెట్ట చాలా సన్నం. లోతైన నీటి నుంచి రాళ్ల దాకా ఓడ కొద్ది గంటల్లోనే వచ్చేస్తుంది. గంటకోసారి కొలవని కెప్టెన్‌కు ఆ హెచ్చరిక అందదు. కొలవాలంటే ఓడ వేగం తగ్గించాలి. వేగం తగ్గితే బొగ్గు ఖర్చు, ఆలస్యం, యజమానుల అసంతృప్తి. మలుపుకు దగ్గరగా తిరిగితే కొన్ని మైళ్లు కలిసొస్తాయి. ఆ కొన్ని మైళ్ల కోసమే చాలా ఓడలు ఒడ్డుకు కావలసినదానికంటే దగ్గరగా వచ్చాయి.

ఇక తీరం సంగతి. నల్లరాతి గుట్టలు సముద్రంలోకి చొచ్చుకొచ్చి నీటి కింద కూడా చాలా దూరం వెళ్తాయి. అలలకు అమెరికా దాకా అడ్డు లేదు. వేసవిలో పొగమంచు, శీతాకాలంలో నైరుతి గాలివానలు. విలాన్, తొరిన్యాన్, ఫిస్తెర్రా అనే మూడు అగ్రాల మధ్య ఏ రాత్రయినా లెక్క తప్పిన ఓడకు రెండో అవకాశం దొరకదు.

పార్లమెంటులో తేలిపోయిన ఓడ

1870 సెప్టెంబర్ 7 తెల్లవారకముందు బ్రిటిష్ యుద్ధనౌక 'కెప్టెన్' ఫిస్తెర్రాకు దూరంగా గాలివానలో తిరగబడి మునిగింది. అది రాయిని తాకలేదు. 470 మందికి పైగా చనిపోయారు, 18 మంది మాత్రం ఒక పడవలో ఒడ్డు చేరారు. చనిపోయినవాళ్లలో ఆ ఓడను రూపొందించిన కౌపర్ కోల్స్ కూడా ఉన్నాడు.

తిరిగే ఫిరంగి బురుజులున్న ఓడ కావాలని కోల్స్ ఏళ్ల తరబడి పోరాడాడు. నౌకాదళంలో ఓడల ప్రధాన రూపశిల్పి ఎడ్వర్డ్ రీడ్ అభ్యంతరం చెప్పాడు. ఓడ అంచు నీటికి మరీ దగ్గరగా ఉందని, పైన తెరచాపల బరువు ఎక్కువైందని ఆయన వాదన. పత్రికలు, పార్లమెంటు సభ్యులు కోల్స్ పక్షాన నిలిచారు. ఓడ కట్టారు. కట్టేటప్పుడు బరువు అనుకున్నదానికంటే పెరిగి అంచు ఇంకా కిందికి దిగింది. ఓడ నౌకాదళ సేవలో చేరి పట్టుమని ఏడాది తిరక్కుండానే మునిగింది. తర్వాత జరిగిన సైనిక విచారణ, నిపుణుల అభిప్రాయానికి విరుద్ధంగా, పార్లమెంటులోనూ బయటా వ్యక్తమైన ప్రజాభిప్రాయానికి తలొగ్గి ఈ ఓడను కట్టారని తీర్పులోనే రాసింది. మునిగింది గలీసియా ముందైనా, ఆ ప్రమాదం మొదలైంది లండన్‌లో. మృత్యు తీరం జాబితాల్లో ఈ ఓడ పేరు కూడా రాళ్లకు బలైన ఓడల పక్కనే కనిపిస్తుంది. కారణాలన్నిటినీ అలా ఒకే గంపలో వేయడం వల్ల నేర్చుకోవలసింది చేజారిపోతుంది.

సర్పెంట్, దాని తర్వాత వచ్చిన దీపం

ఈ తీరంలో అందరికీ తెలిసిన ప్రమాదం 1890 నవంబర్ 10 రాత్రి జరిగింది. బ్రిటిష్ నౌకాదళపు టార్పెడో క్రూజర్ 'సర్పెంట్' రెండు రోజుల ముందు ప్లిమత్‌లో బయల్దేరి పశ్చిమ ఆఫ్రికాకు వెళ్తోంది. ఓడకు అప్పటికి మూడేళ్ల వయసు. గాలివాన, చీకటి, కనపడని తీరం. కామరీన్యాస్‌కు ఉత్తరాన పుంటా దో బోయ్ అనే రాతి కొస మీదికి ఎక్కేసింది. ఓడలో ఉన్న 176 మందిలో బతికింది ముగ్గురు. ఆ ముగ్గురూ లైఫ్‌ జాకెట్లు తొడుక్కున్నవాళ్లు.

తెల్లవారాక ఆ ముగ్గురు పక్కనున్న ఊళ్లకు చేరి సంగతి చెబితే తప్ప ఎవరికీ తెలియలేదు. తర్వాత చాలా రోజుల పాటు శవాలు ఒడ్డుకు కొట్టుకొస్తూనే ఉన్నాయి. షవీన్య పారిష్ పూజారి ఊరివాళ్లను వెంటబెట్టుకుని వెళ్లి వాటిని ఏరి, అక్కడికి దగ్గర్లోనే పాతిపెట్టాడు. చనిపోయినవాళ్లు వేరే దేశంవాళ్లు, చాలామంది వేరే శాఖ క్రైస్తవులు. ఆ కాలపు స్పెయిన్‌లో అది చిన్న విషయం కాదు. అయినా గౌరవంగానే సమాధి చేశారు. ఆ చోటును ఇప్పుడు ఇంగ్లిష్‌వాళ్ల శ్మశానం అంటారు. రాతి గోడ, దాని లోపల అధికారులకు ఇంకో చిన్న ఆవరణ, చుట్టూ గాలి తప్ప ఏమీ లేదు. చావులో కూడా హోదా గోడ కట్టించుకుందన్న ఆలోచన అక్కడ నిలబడినవాళ్లకు రాక మానదు.

బ్రిటిష్ నౌకాదళాన్ని నడిపే అడ్మిరాల్టీ శాఖ కృతజ్ఞతగా మూడు బహుమతులు పంపింది. పూజారికి ఒక తుపాకీ, కామరీన్యాస్ మేయర్‌కు బంగారు గడియారం, ఊరికి ఒక బారోమీటర్. మూడింటిలో బారోమీటర్‌కే విలువ ఎక్కువ అనాలి. గాలి పీడనం పడిపోతే తుఫాను వస్తుందని ముందే చెప్పే పరికరం అది. చేపల వేటకు వెళ్లే ఊరికి దానికంటే పనికొచ్చేది ఏముంటుంది? అది ఇప్పటికీ ఊళ్లో ఒక ఇంటి గోడకు ఉంది.

డెవన్‌పోర్ట్‌లో జరిగిన సైనిక విచారణ, దారి లెక్కలో పొరపాటు వల్లే ప్రమాదం జరిగిందని తేల్చింది. కెప్టెన్ చనిపోయాడు కాబట్టి ఆ తీర్పుకు జవాబు చెప్పేవాళ్లు లేరు. కానీ ఒడ్డు మీద ఇంకో లోపం ఉంది. దగ్గర్లోని విలాన్ అగ్రం మీద 1854 నుంచి ఒక చిన్న దీపం వెలుగుతోంది. దాని వెలుగు బలహీనం. పైగా పక్కనే ఉన్న పెద్ద రాతిగుట్ట కొంత వైపు దాన్ని పూర్తిగా కప్పేసేది. దీపం ఉందని పటంలో ఉంటుంది, కావలసిన దిక్కు నుంచి చూస్తే కనపడదు. ఏ దీపమూ లేకపోవడం కన్నా ఇది ఎక్కువ ప్రమాదం, ఎందుకంటే దీపం కనపడలేదు కాబట్టి ఇంకా దూరంగానే ఉన్నామని నావికుడు అనుకుంటాడు.

సర్పెంట్ తర్వాత కూడా పని వెంటనే కాలేదు. 1893లో 'ట్రినాక్రియా' అనే మరో బ్రిటిష్ ఓడ దాదాపు అదే చోట బద్దలైంది. చివరికి 1896లో విలాన్ రాతి శిఖరం మీద కొత్త దీపస్తంభం వెలిగింది. సముద్రం మీద నుంచి వంద మీటర్లకు పైగా ఎత్తు. స్పెయిన్‌లో కరెంటుతో వెలిగిన మొదటి దీపస్తంభం అదే. గాలివానలో కాపలాదారు కొట్టుకుపోకుండా కింద ఇంటి నుంచి స్తంభం దాకా కప్పు వేసిన మెట్ల దారి కట్టారు. ఫిస్తెర్రా దీపానికి అప్పటికే పొగమంచు సైరన్ తోడైంది. దాని అరుపును బట్టి ఊరివాళ్లు దాన్ని 'ఫిస్తెర్రా ఆవు' అన్నారు.

ఇప్పుడు విలాన్‌కు వెళ్లేవాళ్లు ఆ స్తంభాన్ని అందమైన ఫొటో కోసం చూస్తారు. దాని పునాదిలో వందల మంది ప్రాణాల ఖర్చు ఉందన్న సంగతి అక్కడి సమాచార ఫలకాల్లో ఇంకాస్త గట్టిగా రాయాల్సింది.

ఎద్దు కొమ్ములకు లాంతర్ల కథ

ఇక్కడ ఒక పాత నింద గురించి మాట్లాడక తప్పదు. రాత్రిపూట ఎద్దుల కొమ్ములకు లాంతర్లు కట్టి గుట్టల మీద నడిపించి, ఓడలను మోసగించి రాళ్ల మీదికి రప్పించి, సరుకు దోచుకున్నారని ఈ తీరంవాళ్ల మీద కథ ఉంది. ఇదే కథ ఇంగ్లండ్‌లోని కార్న్‌వాల్ మీదా ఉంది, ఫ్రాన్స్‌లోని బ్రిటనీ మీదా ఉంది. అక్కడ ఎద్దు బదులు గాడిదో, ఆవో ఉంటుంది. ఒకే కథ అన్ని పేద తీరాల మీదా ఉందంటేనే అనుమానించాలి.

పని జరిగే తీరు చూసినా కథ నిలబడదు. గాలివానలో నూనె లాంతరు వెలుగు ఎంత దూరం కనిపిస్తుంది? కనిపించినా, రాత్రి సముద్రంలో ముందు దీపం కనపడితే నావికుడు నేల ఉందని దూరంగా జరుగుతాడు గానీ దాని వైపు రాడు. సర్పెంట్ విచారణ దొంగ దీపాలను కారణంగా చూపలేదు. ఓడ యజమానికీ, బీమా కంపెనీకీ, ప్రభుత్వానికీ మాత్రం ఈ కథ సౌకర్యంగా ఉండేది. దీపం కట్టనిది ఎవరు, బొగ్గు మిగుల్చుకోవాలని తొందరపెట్టింది ఎవరు అన్న ప్రశ్నలు రాకుండా, ఎద్దులున్న రైతు మీదికి నేరం వెళ్లిపోతుంది.

ఒడ్డుకు కొట్టుకొచ్చిన సరుకును జనం తీసుకెళ్లారన్నది మాత్రం నిజం. దాన్ని దాచాల్సిన పనీ లేదు. కుటుంబానికి ఒకరైనా అమెరికా ఖండాలకు వలస పోయే పేదరికంలో, ఇసుక మీద పడి ఉన్న పెట్టెను ఎవరు వదిలేస్తారు? ఈ సరుకు చుట్టూ పుట్టిన కథలు ఇప్పటికీ ఊళ్లలో వినిపిస్తాయి. 1905లో మునిగిన 'పలెర్మో' నిండా అకార్డియన్లు ఉన్నాయని, రాత్రంతా అలలే వాటిని వాయించాయని చెబుతారు. 1927లో 'నీల్' నుంచి కొట్టుకొచ్చిన డబ్బాల్లో ఉన్నది తెల్ల రంగు అనుకుని కొందరు ఇళ్లకు పూశారట, అది గట్టిపరిచిన పాలు, ఆ తర్వాత ఈగల బాధ తట్టుకోలేకపోయారట. ఇవి ఎంత నిజమో ఎవరూ తూచి చూడలేరు. కానీ చావుల మధ్య బతికిన ఊళ్లు తమ గురించి తాము ఏం గుర్తుపెట్టుకోవాలనుకున్నాయో ఇవి చెబుతాయి. దోపిడీదారుల కథ బయటివాళ్లు చెప్పింది, పాలడబ్బాల కథ ఊరివాళ్లు చెప్పుకున్నది.

ఈ నిందకు అసలైన జవాబు మృత్యు తీరానికి కొంచెం దక్షిణాన, సాల్వొరా దీవిలో ఉంది. 1921 జనవరి 2 తెల్లవారుజామున 'శాంటా ఇసబెల్' అనే ప్రయాణికుల ఓడ ఆ దీవి రాళ్లకు తగిలింది. కాదిజ్‌లో పెద్ద ఓడ ఎక్కి దక్షిణ అమెరికాకు వలస వెళ్లాల్సిన వాళ్లు అందులో చాలామంది. రెండు వందల మందికి పైగా చనిపోయారు. కొత్త సంవత్సరం పండగకని దీవిలోని మగవాళ్లలో ఎక్కువమంది అవతలి ఒడ్డుకు వెళ్లారు. ఉన్న ఆడవాళ్లే, చిన్న వేట పడవలు వేసుకుని చీకట్లో ఆ అలల్లోకి తెడ్లు వేశారు. రెండు పదుల వయసు అటూ ఇటూ ఉన్నవాళ్లు. నీళ్లలో ఉన్నవాళ్లను పడవల్లోకి లాగి, తమ ఇళ్లకు తీసుకొచ్చి, పొయ్యి పక్కన కూర్చోబెట్టారు. వాళ్లకు ప్రభుత్వం పతకాలు ఇచ్చింది. ఆ తర్వాతే దీవికి మెరుగైన దీపస్తంభం వచ్చింది. దీపం రావడానికి ఇక్కడ కూడా ముందు చావులే జరగాల్సి వచ్చింది.

పటాల సంగతీ అంతే. 1905లో స్పెయిన్ సొంత సాయుధ క్రూజర్ 'కార్దెనల్ సిస్నెరోస్' మూరోస్ దగ్గర పటంలో లేని రాతికి తగిలి మునిగింది. అదృష్టవశాత్తూ ప్రాణనష్టం లేదు. సొంత తీరంలో సొంత నౌకాదళానికే తెలియని రాయి ఉందంటే, పరాయి ఓడల మాట చెప్పేదేముంది?

'దూరంగా తీసుకుపొండి'

ఇరవయ్యో శతాబ్దం రెండో సగానికి దీపాలు, రాడార్, రేడియో అన్నీ వచ్చాయి. ఓడలు మునగడం తగ్గింది. కానీ ఒక ఓడ మునిగితే జరిగే నష్టం తీరు మారిపోయింది. అంతకుముందు ఓడలో ఉన్నవాళ్లు పోయేవాళ్లు. ఇప్పుడు ఒడ్డు మీద బతికేవాళ్ల బతుకు పోతుంది.

1976 మే 12న 'ఉర్కియోలా' అనే ట్యాంకర్ లక్ష టన్నులకు పైగా ముడిచమురుతో గలీసియాలోని 'ఆ కొరున్యా' అనే నగరపు రేవులోకి వస్తూ నీటి కింద రాతికి తగిలింది. రేవు అధికారులు దాన్ని మళ్లీ బయటికి, సముద్రంలోకి తీసుకుపొమ్మన్నారు. వెనక్కి తిరిగి వెళ్తూ అదే చోట ఇంకోసారి తగిలింది. పేలింది, తగలబడింది. చివరిదాకా ఓడలోనే ఉన్న కెప్టెన్ చనిపోయాడు. చమురు రేవు నిండా పరుచుకుంది.

1987 డిసెంబర్ 5న హాంబర్గ్ నుంచి షాంఘైకి వెళ్తున్న 'కాసోన్' అనే సరుకు ఓడలో ఫిస్తెర్రా దగ్గర మంటలు లేచాయి. 31 మంది సిబ్బందిలో 23 మంది చనిపోయారు. ఓడ రాళ్లకు చేరింది. లోపల పీపాల నిండా రసాయనాలు. వాటిలో నీళ్లు తగిలితే భగ్గుమనే సోడియం కూడా ఉంది. ఓడలో ఏముందో అధికారులు జనానికి సూటిగా చెప్పలేదు. కొన్ని రోజుల తర్వాత పేలుళ్లు మొదలైన రాత్రి, విషవాయువు వస్తోందన్న పుకారుతో వేలాది మంది బస్సుల్లో, కార్లలో, ట్రాక్టర్లలో ఇళ్లు వదిలి పారిపోయారు. ఆ రాత్రి అనుభవించిన టెన్షన్ గురించి ఆ ఊళ్ల పెద్దలు ఇప్పటికీ చెబుతారు. అక్కడ జనం గుర్తుపెట్టుకున్నది మంటలకన్నా ఎక్కువగా, తమకు నిజం చెప్పలేదన్న సంగతిని.

1992 డిసెంబర్ 3న 'ఏజియన్ సీ' అనే ట్యాంకర్ 'ఆ కొరున్యా' రేవు ముందు, సరిగ్గా హెర్క్యులిస్ స్తంభం కింద రాళ్లెక్కింది. రోమన్ల కాలంలో కట్టి ఇప్పటికీ దీపంగా పనిచేస్తున్న స్తంభం అది. 2009లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. దాదాపు రెండు వేల ఏళ్లుగా ఓడలకు దారి చూపుతున్న దీపం కిందే దాదాపు 80 వేల టన్నుల చమురుతో ఓడ తగలబడింది. దీపం చాలదని, రేవులోకి ఎప్పుడు రావాలి, ఎప్పుడు ఆగాలి అన్న నిర్ణయం కూడా సరిగా ఉండాలని ఇంతకంటే స్పష్టంగా ఏ పాఠమూ చెప్పలేదు.

పది సంవత్సరాలు గడిచాయి. 2002 నవంబర్ 13న 'ప్రెస్టీజ్' నుంచి ఆపద సందేశం వచ్చింది. 1976లో కట్టిన, చమురుకూ సముద్రానికీ మధ్య ఒకే పొర గోడ ఉన్న పాత ట్యాంకర్. బహామాస్ జెండా, గ్రీకు కెప్టెన్, లోపల 77 వేల టన్నుల చిక్కటి ఫ్యూయల్ ఆయిల్. గాలివానలో పక్క చీలి ఓడ ఒరిగింది. కెప్టెన్ అపోస్తొలోస్ మంగూరాస్ రేవులోకో, గాలి తగలని ఏదైనా అఖాతంలోకో తీసుకెళ్లాలని కోరాడు. స్పెయిన్ ప్రభుత్వం ఒప్పుకోలేదు. టగ్గులతో దూరంగా లాక్కుపొమ్మంది. చీలిన ఓడను ఆరు రోజులు అలల్లో అటూ ఇటూ లాగారు. నవంబర్ 19న అది రెండు ముక్కలై మూడున్నర కిలోమీటర్లకు పైగా లోతుకు వెళ్లిపోయింది. దారి పొడవునా కారిన చమురు గలీసియా నుంచి ఫ్రాన్స్ దాకా ఒడ్డుకు అంటుకుంది.

ఆ నిర్ణయాన్ని సమర్థించేవాళ్ల వాదనను కూడా వినాలి. రేవులోకి తెచ్చాక ఓడ చీలితే ఆ రేవు, ఆ ఊరు పూర్తిగా నాశనమయ్యేవి. ఏ మేయరూ తన ఊరికి ఆ ముప్పు కోరుకోడు. కానీ లెక్క వేస్తే ఆ వాదన ఓడిపోతుంది. మూసి ఉన్న ఒక అఖాతంలో చమురు కారితే దాన్ని అడ్డుకట్టలతో ఒకచోట ఆపొచ్చు, పంపులతో ఓడను ఖాళీ చేయొచ్చు. ఒక్క చోటు పోతుంది, మిగతా తీరం బతుకుతుంది. బయటి సముద్రంలోకి లాగితే చమురు ఎటు పోవాలో గాలి తేలుస్తుంది. ఉర్కియోలాకు చెప్పిందే పాతికేళ్ల తర్వాత ప్రెస్టీజ్‌కూ చెప్పారు. ఒకే తీరం, ఒకే రకం ఓడ, అదే ఆదేశం. మొదటి ప్రమాదం నుంచి ఏదీ నేర్చుకోకపోవడం అంటే ఇదే.

జనం మాత్రం వేరే రకంగా స్పందించారు. ప్రభుత్వ పరికరాలు చేరకముందే మత్స్యకారులు తమ పడవలతో, పారలతో, చేతులతో చమురు ఎత్తారు. రాళ్ల మీద పెర్సెబెస్ అనే గుల్లజీవులను కోసి బతికేవాళ్లకు ఆ రాళ్లే జీవనాధారం. స్పెయిన్ నలుమూలల నుంచి వేలాది మంది స్వచ్ఛందంగా వచ్చి తెల్ల బట్టల్లో ఆ నల్ల ముద్దను గోకారు. 'ఇంకెప్పుడూ వద్దు' అనే అర్థం వచ్చే 'నుంకా మాయిస్' ఉద్యమం వీధుల్లోకి వచ్చింది. కమెల్యె ఊళ్లో దశాబ్దాలుగా ఒడ్డున రాళ్లతో శిల్పాలు కట్టుకుంటూ ఒంటరిగా బతికిన జర్మన్ కళాకారుడు మన్‌ఫ్రెడ్ గ్నేడింగర్ తన పనంతా నల్లబడటం చూశాడు, ఆ డిసెంబర్ నెలాఖరులోనే చనిపోయాడు. దిగులుతోనే పోయాడని ఊరు నమ్ముతుంది. ముషీయాలో సముద్రం ఒడ్డున రెండుగా చీలిన పెద్ద రాతి స్మారకం ఒకటి నిలబెట్టారు. దాని పేరు 'గాయం'.

ఈసారి చట్టాలు కదిలాయి. బరువైన చమురును ఒకే పొర ట్యాంకర్లలో తమ రేవులకు తీసుకురావడాన్ని 2003లో యూరోపియన్ యూనియన్ నిషేధించింది. ఆపదలో ఉన్న ఓడలకు ఆశ్రయమిచ్చే చోట్లు ఏవో ప్రతి దేశం ముందే ఆలోచించి పెట్టుకోవాలన్న నియమానికి బలం వచ్చింది. ఫిస్తెర్రా ముందు ఓడల రాకపోకల దారులు ఒడ్డుకు దూరంగా గీసి ఉన్నాయి, ప్రమాదకర సరుకు ఉన్నవి ఇంకా బయటి దారిలో వెళ్తాయి. శిక్ష మాత్రం చివరికి కెప్టెన్‌కే పడింది. 2013లో పర్యావరణ నేరం ఆరోపణ నుంచి నిర్దోషిగా బయటపడిన ఆయనకు 2016లో స్పెయిన్ సుప్రీంకోర్టు రెండేళ్ల జైలు వేసింది. ఓడను దూరంగా పొమ్మన్న రాజకీయ నిర్ణయానికి ఎవరూ శిక్ష అనుభవించలేదు. సర్పెంట్ విచారణలో చనిపోయిన కెప్టెన్ మీదికి తప్పు వెళ్లినట్టే, ఇక్కడ ముసలి కెప్టెన్ మీదికి వెళ్లింది.

నీటి అడుగున ఉన్నది ఎవరిది?

మునిగిన ఓడలను వారసత్వంగా చూడటం అంతర్జాతీయ చట్టంలో ఇటీవలి సంగతే. యునెస్కో 2001లో తెచ్చిన ఒప్పందం ప్రకారం, కనీసం వందేళ్లు నీటి కింద ఉన్న మానవ ఆనవాళ్లు సాంస్కృతిక వారసత్వం. వాటిని వ్యాపారం కోసం తవ్వకూడదు, వీలైనంతవరకు ఉన్నచోటే ఉంచాలి. స్పెయిన్ 2005లో దీన్ని ఆమోదించింది. నిధి వేటగాళ్ల మీద ఆ దేశానికి ఎంత పట్టుదల ఉందో 'నుయెస్త్రా సెన్యోరా దె లాస్ మెర్సెదెస్' కేసులో ప్రపంచం చూసింది. 1804లో పోర్చుగల్ దక్షిణ తీరానికి దూరంగా బ్రిటిష్ దాడిలో మునిగిన ఆ యుద్ధనౌక నుంచి ఒక అమెరికన్ కంపెనీ ఐదున్నర లక్షలకు పైగా నాణేలు పైకి తీసింది. స్పెయిన్ అమెరికా కోర్టుల్లో పోరాడి 2012లో వాటిని వెనక్కి తెచ్చుకుంది. అది యుద్ధనౌక, అందులో చనిపోయినవాళ్లున్నారు, కాబట్టి అమ్ముకునే వస్తువు కాదన్న వాదన నెగ్గింది.

గలీసియా అడుగున ఉన్నవాటిలో నాణేలున్న ఓడలు తక్కువ. 1596 అక్టోబర్‌లో ఇంగ్లండ్ మీదికి బయల్దేరిన రెండో స్పానిష్ నౌకాదళాన్ని ఫిస్తెర్రా దగ్గర తుఫాను చెదరగొట్టింది. ఆ ఓడల ఫిరంగులు, లంగర్లు, సైనికుల సామాన్లు పురావస్తు పరిశోధకులకు విలువైనవి. మిగతా చాలావరకు ఆవిరి యంత్రాల ముక్కలు, బొగ్గు, బాయిలర్లు. ఈ తీరపు అలల దెబ్బకు అవి నెమ్మదిగా అరిగిపోతున్నాయి. ఉన్నచోటే ఉంచడం అన్న సూత్రం ప్రశాంతమైన లోతుల్లో బాగానే పనిచేస్తుంది. పుంటా దో బోయ్ దగ్గర తక్కువ లోతులో, ఏటా శీతాకాలపు అలలు రాళ్లనే దొర్లించే చోట, ఉన్నచోటే ఉంచడమంటే పోనివ్వడమే. అందుకని ఇక్కడ పైకి తీయడం కన్నా కొలతలు, ఫొటోలు, పటాలతో నమోదు చేయడం తొందరగా జరగాల్సిన పని.

వందేళ్ల గీత కూడా ఇక్కడ సరిగ్గా సరిపోదు. సర్పెంట్ 1990లో ఆ గీత దాటింది. కాసోన్ దాటాలంటే 2087 రావాలి, ప్రెస్టీజ్‌కు 2102. ఈ తీరంవాళ్లను ఎక్కువగా మార్చిన ప్రమాదాలు ఇవే. వీటిని చూసినవాళ్లు, పారిపోయినవాళ్లు, చమురు ఎత్తినవాళ్లు ఇంకా బతికే ఉన్నారు. చట్టం ప్రకారం వారసత్వం అయ్యేనాటికి చెప్పడానికి ఒక్కరూ ఉండరు. సాల్వొరా ఆడవాళ్ల విషయంలో జరిగింది అదే. పతకాల తర్వాత వాళ్లను దశాబ్దాల పాటు దాదాపు మరిచిపోయారు, తర్వాతి తరాలు కుటుంబాల్లో మిగిలిన మాటలను ఏరుకోవాల్సి వచ్చింది.

ప్రెస్టీజ్ శిథిలంలో ఇంకా చమురు మిగిలి ఉండటంతో 2004లో దాదాపు 3,800 మీటర్ల లోతు నుంచి 13 వేల టన్నులకు పైగా పైకి తోడారు. అంత లోతులో అలాంటి పని అంతకుముందు ఎవరూ చేయలేదు. ఓడ మునిగాక అంత ఖర్చు, అంత నైపుణ్యం దొరికాయి. రేవులోకి రానిచ్చి ఉంటే పంపులు పెట్టి ఖాళీ చేయడానికి కావలసింది అందులో చిన్న వంతు. మృత్యు తీరంలో నడక దారులు, దీపస్తంభాల మ్యూజియాలు పెరుగుతున్న ఈ రోజుల్లో, ఏ ఫలకం మీదైనా ముందు రాయాల్సింది ఈ రెండు పనుల మధ్య తేడా, ఆ నవంబర్‌లో ఎవరు ఏ గంటకు ఏ ఆదేశం ఇచ్చారన్న వివరంతో సహా.